రైతు బొమ్మకు ఊరూ పేరూ ఉండాలి

సంపాదకులకు,

అయ్యా,

డిసెంబరు 23, జాతీయ రైతు దినోత్సవం, దగ్గర పడితే చాలు, పత్రికలకూ బడులకూ రైతు బొమ్మలు కావలసి వస్తాయి. అందుకు రెండు బొమ్మలు ఎప్పుడూ సిద్ధంగా ఉంటాయి. ఒకదాంట్లో తలపాగా, భుజాన నాగలి, వెనక పొద్దుపొడుపు, కనుచూపు మేర పచ్చని చేను. రెండోదాంట్లో నెర్రెలిచ్చిన నేల, దాని మీద గొంతుకూచుని ఆకాశం వైపు చూస్తున్న ముసలాయన. ఈ రెండూ పాతబడిపోయాయి అనిపించినప్పుడు 1943 బెంగాల్ కరువు బొమ్మలు తెచ్చి వేస్తున్నారు. లెక్కపెట్టడానికి వీలైన పక్కటెముకలు, గుంటలు పడ్డ కళ్లు, నల్లటి గీతలు. కింద గీసినవారి పేరు ఉండదు, ఏ సంవత్సరమో ఉండదు, ఏ ఊరో ఉండదు. ‘రైతన్న గోస’ అని మాత్రం ఉంటుంది. ఆ బొమ్మలు ఏ పని కోసం గీశారో తెలిసినవారికి ఇది కష్టంగా ఉంటుంది. ఊరూ పేరూ తీసేస్తే వాటిలో సగం బొమ్మ పోయినట్టే.

ఆ బొమ్మల్లో చాలావరకు చిత్తప్రసాద్‌వి. 1915లో బెంగాల్‌లోని నైహాటిలో పుట్టారు. భట్టాచార్య అన్న ఇంటిపేరు కులాన్ని చెబుతుందని వదిలేసి ఒక్క పేరుతోనే సంతకం చేశారు. కళాశాలల్లో బొమ్మలు నేర్చుకున్నవారు కాదు, సొంతంగా చెయ్యి తిప్పుకున్నవారు. కమ్యూనిస్టు పార్టీ పత్రికలకు బొమ్మలు వేసేవారు. 1943 నవంబరులో ఆయన మిడ్నాపూర్ జిల్లాలో తిరిగారు. అంతకు ఏడాది ముందు, 1942 అక్టోబరు 16న, తుపానూ ఉప్పెనా ఆ జిల్లాను ముంచాయి. దాని వెనకే కరువు వచ్చింది. ఆయన ఊరూరా తిరిగి, ఎదుటి మనిషిని గీసి, ఆ మనిషి పేరూ ఊరూ రాసుకుని, చూసిందీ విన్నదీ పక్కన రాశారు. అదంతా ‘హంగ్రీ బెంగాల్’ అనే చిన్న పుస్తకంగా అచ్చయింది. 5 వేల కాపీలు వేస్తే బ్రిటిష్ ప్రభుత్వం పట్టుకుని తగలబెట్టింది. కుటుంబం దాచుకున్న ఒక కాపీ మిగిలింది. దాని ఆధారంగానే 2011లో ఢిల్లీలోని ఒక గ్యాలరీ మళ్లీ అచ్చు వేయించింది.

ఒట్టి ఎముకల గూళ్ల బొమ్మలే అయితే తగలబెట్టాల్సిన పని ఉండేది కాదేమో. కరువు బొమ్మ చూసి అయ్యో అనుకోవడం ఏ ప్రభుత్వానికీ ఇబ్బంది కాదు. ఫలానా ఊళ్లో ఫలానా మనిషి ఎలా చచ్చిపోయాడో బొమ్మా మాటా కలిపి చెప్పడమే ఇబ్బంది. ఎందుకంటే ఆ కరువుకు వాన ఒక్కటే కారణం కాదు. 1943లో బెంగాల్‌లో ఉన్న బియ్యం అంతకు ముందు ఐదేళ్ల సగటు కన్నా సుమారు 5 శాతమే తక్కువని, 1941 కన్నా ఎక్కువేనని అమర్త్య సేన్ తర్వాత లెక్క తేల్చారు. బర్మా జపాన్ చేతిలో పడి అక్కడి బియ్యం ఆగింది. శత్రువుకు దక్కకూడదని తీర ప్రాంతాల్లో పడవలూ ధాన్యమూ ప్రభుత్వమే లాక్కుంది. యుద్ధపు ఖర్చుతో ధరలు పెరిగాయి, వ్యాపారులు సరుకు దాచారు. కూలి డబ్బుతో బియ్యం కొనుక్కునే భూమిలేని కూలీలూ చేపలు పట్టేవాళ్లూ ముందు రాలిపోయారు. ప్రభుత్వ విచారణ సంఘం 15 లక్షల మంది పోయారంది. తర్వాతి పరిశోధకులు 30 లక్షల దాకా చెబుతారు. ఇంత తెలిశాక ఆ బొమ్మలను నెర్రెలిచ్చిన నేల పక్కన పెట్టి ‘ప్రకృతి ప్రకోపం’ అని రాయడం గీసినవారికి ఎదురు నడవడమే.

ఇంకొక పొరపాటు కూడా తరచూ కనిపిస్తుంది. మిడ్నాపూర్ బొమ్మలను లినోకట్‌లు, అంటే లినోలియం పలక మీద చెక్కి సిరా పూసి తీసిన అచ్చులు, అని రాస్తున్నారు. అవి సిరాతో కాగితం మీద గీసినవి. పొద్దున ఒక ఊరూ సాయంత్రం ఇంకో ఊరూ తిరిగేవారు ఉలీ పలకా ముందేసుకుని చెక్కుతూ కూచోలేరు. చిత్తప్రసాద్ లినోకట్‌లు వేరే ఉన్నాయి, పనికి పోయే పసిపిల్లల మీద చేసిన వరుస వాటిలో గొప్పది. ఆ కరువునే కలకత్తా వీధుల్లో జైనుల్ అబెదిన్ గీశారు. బొగ్గు నుంచి తయారుచేసుకున్న సిరా, సరుకు కట్టే చవక కాగితం, ఇవే ఆయన సామాను. సోమనాథ్ హోర్ 1946 డిసెంబరులో రంగపూర్ పల్లెల్లో ఉండి తెభాగా ఉద్యమాన్ని దినచర్యలా రాస్తూ గీశారు. పంటలో మూడింట రెండు వంతులు తమకు దక్కాలన్న కౌలు రైతుల పోరాటం అది. ముగ్గురి పనిలోనూ మనిషి ఎక్కడ ఉన్నాడో తెలుస్తుంది, వాడి చేతిలో ఏముందో, ఏం లేదో తెలుస్తుంది.

ఈ ఉత్తరం బాధ చెప్పుకుని ఊరుకోవడానికి రాయడం లేదు. రైతు దినోత్సవానికి చిత్రలేఖనం పోటీలు పెట్టే బడులూ బొమ్మలు వేసుకునే పత్రికలూ లినోకట్‌ను మళ్లీ చేతికి తీసుకోవచ్చు. ఖర్చు తక్కువ, ఒక్క పలకతో వందల కాపీలు వస్తాయి. పైగా న్యూస్‌ప్రింట్ మీద ఇంత బాగా పడే బొమ్మ ఇంకోటి లేదు. పెన్సిల్ నీడలు మీ కాగితం మీద బూడిద ముద్దలవుతాయి. లినోలో నలుపూ తెలుపే తప్ప మధ్యరకం ఉండదు. చవక కాగితం మీద అచ్చయ్యే ఉద్యమ పత్రికలు లినోనూ చెక్క అచ్చునూ ఎంచుకోవడానికి ఇదొక ముఖ్య కారణం. ఎలా చేయాలో, ఎక్కడ చెడుతుందో చెబుతాను.

లినోలియం అంటే గాలికి చిక్కబడ్డ అవిసె నూనెలో రెసిన్, బెరడు పొడి కలిపి జనపనార గుడ్డ మీద పరిచిన షీటు. సుమారు 3 మిల్లీమీటర్ల మందం ఉన్నది కొనాలి. నేల మీద పరిచే పీవీసీ షీటును కూడా కొన్ని దుకాణాల్లో లినోలియం అనే అమ్ముతారు. అది ఉలి కింద సాగుతుంది, సన్న గీత నిలవదు. వెనక జనపనార నేత కనిపిస్తోందో లేదో చూస్తే చాలు. చలికాలంలో లినో గట్టిపడి పెళుసుగా విరుగుతుంది. పది నిమిషాలు ఎండలో పెడితే వెన్నలా తెగుతుంది. పైన ఉండే జిడ్డు పొరను సన్నటి ఎమిరీ కాగితంతో ఒకసారి రుద్ది తీసేయాలి. లేకపోతే సిరా చుక్కలు చుక్కలుగా పడుతుంది.

బొమ్మ అద్దంలో చూసినట్టు తిరగబడి అచ్చవుతుంది. పిల్లలు ఎక్కువగా తప్పేది ఇక్కడే. ముఖ్యంగా బొమ్మలో అక్షరాలు ఉన్నప్పుడు, బస్తా మీద ఊరి పేరో కాటా మీద అంకెలో. ట్రేసింగ్ కాగితం మీద మామూలుగా గీసి, కాగితాన్ని బోర్లా తిప్పి, కింద కార్బన్ పెట్టి దిద్దితే ఆ తప్పు జరగదు. దిద్దాక పలక మీద పలచటి రంగు నీళ్లు పూయండి. చెక్కిన చోటు, చెక్కని చోటు కంటికి తేలిగ్గా తెలుస్తాయి.

రెండు ఉలులు చాలు. సన్న గీతకు ‘వి’ ఆకారపు మొన, ఖాళీలు తీయడానికి ‘యు’ ఆకారపు మొన. ఉలి ఎప్పుడూ ఒంటికి అవతలి వైపే పోవాలి, పలకను పట్టుకున్న చెయ్యి ఉలికి వెనకే ఉండాలి. వంపు వచ్చినప్పుడు ఉలిని తిప్పకుండా పలకను తిప్పాలి. లోతు ఒకటి, ఒకటిన్నర మిల్లీమీటర్లు. పెద్ద ఖాళీ అయితే ఇంకాస్త లోతు, లేకపోతే కాగితం అక్కడ కిందికి దిగి సిరా అంటుకుంటుంది. గీత నిలవడం గురించి ఒక్కటే గుర్తు పెట్టుకోవాలి. పొలం గట్టులా అడుగు వెడల్పుగా, తల సన్నగా ఉండాలి. ఉలిని పక్కకు వాల్చి గీత అడుగు తొలిచేస్తే నాలుగు అచ్చులకే విరిగి రాలిపోతుంది. వరి వెన్నుల్లాంటి సన్నటి పని చేసేవారికి ఈ దెబ్బ ఎక్కువ తగులుతుంది.

ఇక నలుపు సంగతి. లినోలో తెలుపు ఉచితంగా రాదు, ప్రతి తెల్లటి చోటునూ చెయ్యి చెక్కి తీయాలి. చెక్కని చోటంతా నలుపే. కాబట్టి ఆకాశం తెల్లగా వదిలేద్దాం అనుకునేవారు ముందు ఆలోచించాలి. ఆకాశం నల్లగానే ఉంచి మనిషి మీద మాత్రం ఒక పక్క నుంచి వెలుగు పడనిస్తే పనీ తగ్గుతుంది, చూపూ అక్కడే నిలుస్తుంది. వెలుగు రెండు వైపుల నుంచీ వస్తే బొమ్మ చప్పబడిపోతుంది. నాటు వేస్తున్న ఆడవాళ్ల వరుసను తీసుకోండి. వంగిన వీపులు నల్లగా, నీళ్ల మీద మెరుపు తెల్లటి అడ్డగీతలుగా. ఈ పద్ధతికి పుట్టినట్టు ఉంటుంది ఆ దృశ్యం.

సిరా చిక్కటి నూనె సిరా కావాలి. ప్రెస్సుల్లో వాడే నల్ల ఇంకు పనికొస్తుంది. ఎ4 సైజు పలకకు మొదటిసారి ఒక చెంచాడు తీసి గాజు పలక మీద రోలర్‌తో పరచండి. నూనెలో ఉల్లిపాయ వేగుతున్నట్టు సన్నటి చిటపట వినిపిస్తే పాళ్లు కుదిరినట్టు. చపచపమని బంక చప్పుడు వస్తే సిరా ఎక్కువైనట్టు, సన్న గీతల సందులు పూడుకుపోతాయి. తక్కువైతే నలుపు మీద ఉప్పు చల్లినట్టు తెల్ల చుక్కలు వస్తాయి. మొదటి రెండు మూడు అచ్చులు పలచగానే వస్తాయి, పలక సిరా పీల్చుకునేదాకా చూసి అప్పుడు నిర్ణయించుకోవాలి. అచ్చు యంత్రం లేనివారు 80 జీఎస్ఎం (చదరపు మీటరుకు 80 గ్రాములు) లోపు పలచటి కాగితం వాడాలి. దళసరి డ్రాయింగు కాగితానికి చేతి ఒత్తిడి చాలదు. కాగితం పరిచి, స్టీలు చెంచా వీపుతో నడిమి నుంచి అంచులకు రుద్దాలి. ఒక మూల లేపి చూసుకుని, చాలకపోతే వదిలి మళ్లీ రుద్దవచ్చు. కాగితం మాత్రం కదలకూడదు.

అచ్చులు దండేనికి క్లిప్పులతో వేలాడదీస్తే రెండు మూడు రోజుల్లో ఆరతాయి, వానాకాలంలో వారం పడుతుంది. తొందరపడి దొంతర పెడితే ఒకదాని నలుపు ఇంకోదాని వెనక దిగుతుంది. పలకను ముందు వంటనూనె గుడ్డతో, తర్వాత సబ్బు గుడ్డతో తుడవాలి. నీళ్లలో నానేయవద్దు, జనపనార ఉబ్బి పలక వంకర పోతుంది. పత్రికకు పంపేటప్పుడు ఫోనుతో ఫొటో తీసి పంపితే నలుపు బూడిదవుతుంది. 1200 డీపీఐ (అంగుళానికి 1200 చుక్కలు) దగ్గర లైన్ ఆర్ట్‌గా, అంటే నలుపూ తెలుపే ఉండేలా, స్కాన్ చేయాలి. మీ డెస్కు వారు దానికి రంగులు అద్దకుండా ఉంటే అదే పదివేలు.

పద్ధతి ఇంత. ఏం గీయాలన్నది అసలు ప్రశ్న. నాగలి భుజాన వేసుకున్న రైతును గీయమని పిల్లలకు చెప్పడం మానాలి. ఇవాళ దుక్కి ట్రాక్టరు దున్నుతోంది. నాటూ కలుపూ పత్తి తీయడమూ ఎక్కువగా ఆడవాళ్ల చేతి పని. వాళ్లు పోస్టర్ల మీద నెత్తిన సద్దిగంప పెట్టుకుని గట్టు మీద నడిచేవాళ్లుగానే కనిపిస్తున్నారు. పొలంలో వాళ్లు లేనట్టే ఉంటుంది బొమ్మ.

వ్యవసాయం మీద విమర్శ చేయదలచుకున్న చిత్రకారుడు కళ్లం దగ్గరికి, కాటా దగ్గరికి వెళ్లాలి. వడ్లకు తేమ 17 శాతం దాటకూడదు. అందుకని రోడ్డు పక్కన పరదాలు పరిచి రోజుల తరబడి ఆరబోస్తారు. తేమ చూసే యంత్రం అరచేతి కన్నా కాస్త పెద్దది. దోసెడు గింజలు పోసి మీట నొక్కితే అంకె వస్తుంది. ఆ అంకె కోసం ఎదురుచూస్తున్న ఐదారు మొహాలు, గీసేవాడికి ఇంతకన్నా ఏం కావాలి? తర్వాత కాటా. బస్తాకు 40 కిలోలు. ఖాళీ గోనె సంచి బరువు 600 గ్రాముల లోపే, కాబట్టి కాటా మీద 40 కిలోల 600 దాకా ఉండటం న్యాయం. తాలు అని, తరుగు అని, అంతకు మించి ఎంత పెట్టించుకుంటే అంత రైతు నష్టం. బస్తాకు 2 కిలోలు పోయిందనుకోండి. నూరు బస్తాల మీద 2 క్వింటాళ్లు. 2025-26 మద్దతు ధర ఏ గ్రేడుకు క్వింటాకు 2,389 రూపాయలు. అంటే 4,778 రూపాయలు. ఏడుపు మొహం గీయక్కరలేదు. ముందువరసలో కాటా, దాని మీద చదవడానికి వీలైన అంకె, పక్కన నేల మీద విడిగా పోసిన రెండు కిలోల వడ్ల కుప్ప, ఆ వెనక ఒకదాని మీద ఒకటి నూరు బస్తాలు. చూసినవాడు తనే లెక్క వేసుకుంటాడు. పత్తి కూడా అంతే. 8 శాతం తేమకు పూర్తి ధర, ఆపై శాతానికింత కోత, 12 దాటితే తిరుగుముఖం. కొనుగోలు కేంద్రం గేటు బయట నిలబడ్డ పత్తి బండ్ల వరుస, ఒక బండి మాత్రం వెనక్కి తిరిగి ఉన్నది. అది చాలు.

కౌలు రైతు బొమ్మ ఇంకా కష్టం, ఎందుకంటే అక్కడ గీయాల్సింది లేని వస్తువును. ఆంధ్రప్రదేశ్‌లో 2019లో వచ్చిన చట్టం ప్రకారం సాగుదారు హక్కు పత్రం 11 నెలలకు ఇస్తారు. దానికి భూమి యజమాని సంతకం కావాలి. సంతకం పెడితే భూమి మీద హక్కు పోతుందేమోనని యజమాని భయం. పెట్టకపోతే కౌలుదారుకు బ్యాంకు అప్పూ నష్టపరిహారమూ అందడం కష్టం. పెద్ద నల్లటి చెయ్యి ఒకటి కాగితం చాస్తుంటే, కాగితం మీద సంతకం చేసే చోటు మాత్రం లినోలో శుభ్రంగా చెక్కి తీసిన తెల్లటి ఖాళీ. ఇక్కడ తెలుపు ఊరికే రాదన్న మాట అర్థంగా మారుతుంది. తెభాగా కాలంలో గొడవ పంటలో వాటా గురించి, ఇప్పుడు కాగితం మీద పేరు గురించి. సోమనాథ్ హోర్ దినచర్యను మన చిత్రకళా విద్యార్థులు చూడాల్సింది ఇందుకే.

ఉరితాడు బొమ్మ మాత్రం వద్దు. రైతు ఆత్మహత్య అనగానే చెట్టూ కొమ్మా తాడూ గీసేస్తున్నారు, పత్రికలూ వేస్తున్నాయి. ఆత్మహత్య వార్తల్లో పద్ధతిని వివరించడం, చూపించడం కూడదని ప్రెస్ కౌన్సిల్ 2019లోనే మార్గదర్శకాలు తీసుకొచ్చింది. బొమ్మకూ అదే వర్తించాలి. కష్టంలో ఉన్న మనిషికి అది దారి చూపినట్టవుతుంది. విమర్శగా చూసినా ఆ తాడు అన్నింటినీ కప్పేస్తుంది. అప్పు ఎవరిచ్చారు, వడ్డీ ఎంత, విత్తనం మొలిచిందా, ఏ బ్యాంకు ఎన్నిసార్లు తిప్పింది, ఇవేవీ బొమ్మలో ఉండవు. చీటీల కట్ట గీయండి. పాస్‌బుక్కు గీయండి. ఎరువుల దుకాణం ఖాతా పుస్తకంలో ఒక పేజీ, అంకెలతో సహా గీయండి. పేరు మాత్రం మార్చండి. బతికున్న కుటుంబానికి అంత మర్యాద ఇవ్వాలి. చిత్తప్రసాద్ పేర్లు రాశారు కదా అంటే, ఆనాడు చావులనే దాచిపెడుతున్నారు, పేరు రాయడమే సాక్ష్యం. ఇవాళ ఊరూ లెక్కా సాక్ష్యం. బాధితుల పేరు వాళ్లు ఒప్పుకుంటేనే.

పోటీలు పెట్టేవారికి ఒక మాట. ‘రైతే రాజు’ అని అంశం ఇస్తే నూరు కాగితాల్లో నూరు తలపాగాలు వస్తాయి. ‘మా ఊరి కాటా’, ‘మా అమ్మ పనిచేసే చేను’, ‘ఎరువుల దుకాణం’ అని ఇచ్చి చూడండి. బొమ్మ వెనక ఊరి పేరు, పంట పేరు, పిల్లవాడు అడిగి తెలుసుకున్న ఒక్క లెక్క రాయించండి. ఎకరా కౌలు ఎంత, నాటు కూలి ఎంత, ఏదైనా సరే. బహుమతి ఆ లెక్కా బొమ్మా ఒకదానికొకటి అతికినవాళ్లకు ఇవ్వండి. పిల్లలకు గీయడమే కాదు, అడగడమూ అలవాటవుతుంది.

మీ పత్రికకు విన్నపం చిన్నదే. ఇకమీద ఎవరి బొమ్మ వేసినా గీసినవారి పేరు, మాధ్యమం, చోటు, కాలం కింద వేయండి. పాత బొమ్మను ఇవాళ్టి వార్తకు వాడితే అది పాతదని చెప్పండి. రంగులు అద్దకండి, అంచులు కోసి మొహం ఒక్కటే ఉంచకండి. చిత్తప్రసాద్ బొమ్మే వేస్తే దాని కింద ఇలా రాయొచ్చు: ‘చిత్తప్రసాద్, సిరా చిత్రం, మిడ్నాపూర్ జిల్లా, నవంబరు 1943.’ మీ కాలమ్ వెడల్పులో రెండు వరుసలకు మించదు.

ఇట్లు,
ఒక ముద్రణ చిత్రకళ అధ్యాపకుడు,
ఖమ్మం